గిట్‌లో డెప్త్ 1తో క్లోన్ చేశాక మిగతా బ్రాంచీలు కనిపించట్లేదు

అన్నలూ, అక్కలూ, కాస్త సాయం చేయండి. తిరుపతిలో రూమ్ తీసుకుని ఉంటున్నా, నెట్ అంటే ఫోన్ హాట్‌స్పాటే. మా టీమ్ గిట్ రిపాజిటరీ (కోడ్, దాని మార్పుల చరిత్ర అంతా ఉండే చోటు) 2 జీబీ పైనే. మామూలుగా క్లోన్ కొడితే, అంటే మొత్తం కాపీ దించుకుంటే, 60 శాతం దగ్గర కనెక్షన్ తెగి, మళ్లీ మొదటికే వస్తోంది. సగం మెట్లెక్కాక మళ్లీ అలిపిరిలో దించేసినట్టుంది!

విసుగొచ్చి డెప్త్ 1 పెట్టా, అంటే చివరి కమిట్ (సేవ్ చేసిన మార్పు) ఒక్కటే దించమని. గబగబా దిగింది, కానీ మెయిన్ తప్ప వేరే బ్రాంచి (కోడ్‌లో విడిగా నడిచే పాయ) లేదు. ఫెచ్‌లో (సర్వర్ నుంచి కొత్తవి తెచ్చే కమాండ్) అన్‌షాలో (వదిలేసిన పాత చరిత్ర తెచ్చే ఆప్షన్) కూడా వాడి చూశా. రాత్రి రెండింటిదాకా కూర్చుంటే పాత కమిట్లన్నీ వచ్చాయి, బ్రాంచీలు మాత్రం రాలేదు. నాకు కావాల్సింది టెస్టింగ్ బ్రాంచి ఒక్కటే. ఫోల్డర్ తీసేసి మళ్లీ క్లోన్ చేయకుండా దాన్నెలా తెచ్చుకోవాలి? జిప్ దించుకోమంటాడు రూమ్మేట్, అందులో కమిట్లు రావు కదా. సోమవారం లోపు నా మార్పులు పుష్ చేయాలి (సర్వర్‌కి పంపాలి), టెన్షన్‌గా ఉంది.