ప్రతి బ్యాంకూ సొంత నోట్లు వేసుకుంటే, ఎక్కువ వేయకుండా ఆపేదెవరు?

సందేహాలరాయుడు:
వారం రోజులుగా ఒక డౌట్ బుర్ర తొలిచేస్తోంది. ఒకప్పుడు కొన్ని దేశాల్లో సెంట్రల్ బ్యాంకు అనేదే లేకుండా, ఏ బ్యాంకుకి ఆ బ్యాంకు సొంత నోట్లు వేసుకుని నడిచాయని, దాన్ని ఫ్రీ బ్యాంకింగ్ అంటారని చదివాను. కాగితం నాది, సిరా నాది, అచ్చుయంత్రం నాది అన్నాక నేనెందుకు ఆగుతాను చెప్పండి? పెట్టెలో వంద నాణేలు పెట్టుకుని వెయ్యికి నోట్లు కొట్టెయ్యనూ? ఇంకోటి, ఇలాంటి మోసాలు ఆపడానికే సెంట్రల్ బ్యాంకు పుట్టిందని మా క్లాసులో చెప్పారు. నిజమేనా? రాజకీయాలు వద్దు, అసలు ఎలా పనిచేసిందో చెప్పండి చాలు.

పాతనాణెం:
అప్పట్లో నోటంటే డబ్బు కాదండీ, అడగ్గానే డబ్బిస్తానని బ్యాంకు రాసిచ్చిన చీటీ. అది పట్టుకుంటే మిగతాది సులువు. మీరు వెయ్యికి నోట్లు కొట్టి అప్పులిచ్చారనుకోండి, అవి మీ దగ్గరే తిరగవు. తీసుకున్నవాడు సరుకు కొంటాడు, సరుకు అమ్మినవాడు ఆ నోట్లు తెచ్చి తన ఖాతా ఉన్న నా బ్యాంకులో వేస్తాడు. మీ నోట్లు నాకెందుకు? మూటకట్టి మీ కౌంటర్ దగ్గరికి పంపించి నాణేలు ఇవ్వమంటాను. అంటే మీ మీద కాపలా ఉన్నది ఏ అధికారీ కాదు, మీ పోటీదారు.

స్కాట్లండ్‌లో ఇది నిజంగానే జరిగింది. బ్యాంక్ ఆఫ్ స్కాట్లండ్ 1695లో మొదలైంది, 21 ఏళ్లు దానిదే గుత్తాధిపత్యం, 1716తో అయిపోయింది. 1727లో రాయల్ బ్యాంక్ వచ్చింది, వస్తూనే పాత బ్యాంకు నోట్లు పోగేసి ఒక్కసారిగా తెచ్చి మీద పడేసింది. 1728లో పాత బ్యాంకు కొన్నాళ్లు చెల్లింపులు ఆపేయాల్సి వచ్చింది! దెబ్బ తిన్నాక 1730 నుంచి నోటు మీదే రాసుకుంది: అడిగిన వెంటనే ఇస్తాం, లేదంటే ఆరు నెలల తర్వాత వడ్డీతో ఇస్తాం, ఏది చేయాలో మా ఇష్టం అని. తెలివైన ఎత్తే గానీ 1765లో చట్టం దాన్ని కొట్టేసింది. తర్వాత తర్వాత ఈ కొట్లాటలు పోయి, ఒకరి నోట్లు ఒకరు క్రమం తప్పకుండా మార్చుకోవడం అలవాటైంది. 1844, 1845 చట్టాలు కొత్త బ్యాంకులు నోట్లు వేయకుండా తలుపు మూసేదాకా మొత్తం మీద బాగానే నడిచింది.

గోడమీదపిల్లి:
బాగానే నడిచిందా? అదే స్కాట్లండ్‌లోని అయర్ బ్యాంకు మాట ఎత్తలేదేం గురూ? 1769లో పెట్టి, అడిగినవాడికల్లా అప్పులిచ్చి, 1772కల్లా చేతులెత్తేసింది. అమెరికా సంగతి సరేసరి. మిషిగన్ రాష్ట్రంలో ఎవరైనా బ్యాంకు పెట్టుకోవచ్చని 1837 చట్టం వచ్చాక బ్యాంకులు పుట్టగొడుగుల్లా లేచాయి, తనిఖీకి వస్తున్నారంటే అవే నాణేల పెట్టెలు ఒక బ్యాంకు నుంచి ఇంకో బ్యాంకుకి బండెక్కేవట. ఏ ఊరి నోటుని ఎంత తగ్గించి తీసుకోవాలో చెప్పడానికి వ్యాపారుల కోసం ప్రత్యేకంగా పత్రికలే అచ్చయ్యేవి. ఇంత టెన్షన్‌తో ఏం వ్యాపారం చేస్తాం?

పాతనాణెం:
అయర్ బ్యాంకు మునిగింది, కాదనను. కానీ ఆ నోట్లు పట్టుకున్నవాళ్లకి డబ్బు ముట్టింది. వాటాదారుల బాధ్యతకి హద్దు లేదు కాబట్టి బ్యాంకు అప్పుకి వాళ్ల భూములు అమ్ముడుపోయాయి. ఈ భయం ఉన్నవాడు మేనేజర్ మీద ఒక కన్నేసి ఉంచుతాడు.

అమెరికాది పేరుకే ఫ్రీ. చాలా రాష్ట్రాల్లో నోట్లు వేయాలంటే ముందు బాండ్లు (అప్పు పత్రాలు), ఎక్కువగా రాష్ట్ర ప్రభుత్వ బాండ్లే, కొని పూచీ పెట్టాలి. బాండు ధర పడితే బ్యాంకూ పడుతుంది. ఊరూరా శాఖలు పెట్టుకోవడానికి లేదు, దాంతో దూరపు నోటు వెనక్కి చేరడానికి నెలలు పట్టేది. కాపలావాడిని కట్టేసి దొంగతనం జరిగిందంటే ఎలా?

ఇక రాయుడు గారి రెండో ప్రశ్న. బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ పుట్టింది 1694లో, ఫ్రాన్స్‌తో యుద్ధానికి డబ్బుల్లేక విలియం రాజు ప్రభుత్వం తీసుకున్న 12 లక్షల పౌండ్ల అప్పు కోసం, 8 శాతం వడ్డీకి. మోసాలు ఆపడం అప్పటి ఎజెండాలోనే లేదు.

క్యాష్‌కౌంటర్:
పుట్టుక సంగతి ఒప్పుకుంటా. కానీ తర్వాత చేసిన పని చూడాలి కదా. నేను బ్యాంకులోనే పనిచేశాను, అందుకే చెబుతున్నా, ఎంత పద్ధతిగా నడిపే బ్యాంకైనా జనమంతా ఒకే రోజు వస్తే ఇవ్వలేదు, ఎందుకంటే డబ్బు అప్పుల రూపంలో బయట ఉంటుంది. 1907లో న్యూయార్క్‌లో అదే జరిగితే జె.పి. మోర్గాన్ అనే పెద్ద బ్యాంకరు మిగతా బ్యాంకర్లని కూర్చోబెట్టి డబ్బు పోగుచేయించాడు. ప్రతిసారీ ఒక మోర్గాన్ ఉండడు కాబట్టి 1913లో ఫెడరల్ రిజర్వ్, అంటే అమెరికా సెంట్రల్ బ్యాంకు, పెట్టడానికి చట్టం తెచ్చారు. మరి అది ఉండి కూడా 1930–33 మధ్య వేల బ్యాంకులు మూతపడ్డాయి, అది వేరే కథ, నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

సందేహాలరాయుడు:
థాంక్సండీ, పక్క బ్యాంకే కాపలా అన్నది తలకెక్కింది. కానీ బ్యాంకులన్నీ కూడబలుక్కుని ఒకేసారి ఎక్కువ వేస్తే? అప్పుడు నావి మీ దగ్గర, మీవి నా దగ్గర, చెల్లుకు చెల్లు కదా?

పాతనాణెం:
గట్టి ప్రశ్న. అప్పుడు లోపలి కాపలా మెతకబడుతుంది, బయటిది మిగులుతుంది. నోట్లు పెరిగి ఇక్కడ ధరలు పెరిగితే జనం విదేశీ సరుకు కొంటారు, ఆ అమ్మేవాడు మీ చీటీ తీసుకోడు, బంగారమే అడుగుతాడు. కాబట్టి ఆగుతుంది, కాకపోతే ఆలస్యంగా. బంగారం ఇస్తామన్న మాట నిలబెట్టుకున్నంత కాలమే ఇదంతా. 1797లో యుద్ధ భయంతో బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ ఆ మాట తప్పింది, 1821 దాకా బంగారం ఇవ్వడం తిరిగి మొదలుపెట్టలేదు. అలా ఆపడానికి దానికి ప్రభుత్వ ఆదేశం ఉంది. స్కాట్లండ్ బ్యాంకులకి అదీ లేదు, అయినా అవీ ఆపేశాయి.

గోడమీదపిల్లి:
చివరికి నా వైపుకే వచ్చావు గురూ 😄