అమ్మకు రోజూ కలలో పాము: శాంతి చేయించాలా, వదిలేయాలా?

కోవూరు అబ్బాయి:
అందరికీ నమస్కారం. మా అమ్మకు అరవై ఎనిమిదేళ్లు. ఇరవై రోజులుగా కలలో పాము కనపడుతోందట. రోజూ ఒకటే పాము. వంటింటి గడప దగ్గర చుట్ట చుట్టుకొని ఉంటుంది, కరవదు, పోదు. తెల్లవారుజామున లేచి కూర్చుంటే ఇక నిద్రపోదు. అన్నం కూడా సరిగ్గా తినడం లేదు. వచ్చే గురువారం ఒక రిజిస్ట్రేషన్ ఉంది, అమ్మ సంతకం కావాలి. ఈ కల సంగతి తేలేదాకా ఎక్కడికీ రానంటోంది. కాళహస్తిలో రాహుకేతు పూజ చేయిస్తే సరిపోతుందా? ఇంకేమన్నా శాంతి ఉందా? తెలిసినవాళ్లు చెప్పండి.

పంచాంగం తాత:
నాయనా, ముందు ఒకటి చెప్పు. పాముకు పడగ ఉందా లేదా? పడగ ఉంటే నాగుపాము, దానికి ఫలం ఉంది. జెర్రిపోతైతే లెక్కలోకే రాదు. తెల్లపాము కుడిచేతిని కాటేస్తే ధనలాభమని మా నాయన చెప్పేవాడు. తరిమితే శత్రుభయం. కదలకుండా గడపలో కూర్చుందంటే ఇంట్లో ఏదో మొక్కు బాకీ ఉన్నట్టు. జాము కూడా చూడాలి. తొలిజాము కల ఏడాదికి ఫలిస్తుంది, రెండో జాముది ఆరు నెలలకు, మూడోది మూడు నెలలకు, నాలుగోది నెలలోపే. మీ అమ్మది నాలుగో జాము. అశ్రద్ధ చేయొద్దు.

చేపలపులుసు:
నాకు కలలో ఈఎంఐ కనపడతది తాతా. పడగ ఉంది. ఏ గుడికి పోవాల?

నైట్‌డ్యూటీ:
అమ్మ మంచం మీద పడుకుంటారా, కిందా?

బెంజీన్ మాస్టారు:
ముప్పై ఏళ్లు కెమిస్ట్రీ చెప్పినవాడిగా నాలుగు ముక్కలు. కలలో పాముకు ఒకే అర్థం ఎక్కడా లేదు. కలల మీద పుస్తకం రాసిన ఫ్రాయిడ్ అనే మానసిక వైద్యుడు దాన్ని కామానికి గుర్తు అన్నాడు. యూంగ్ అనే మరో మానసిక వైద్యుడు దాన్ని మనసు అడుగున ఉండే ప్రాణశక్తిగా చూశాడు. గ్రీకుల వైద్య దేవుడి చేతికర్రకు పామే చుట్టుకొని ఉంటుంది, వాళ్లకది ఆరోగ్యం. ఇక మా కెమిస్ట్రీ శాస్త్రవేత్త కెకులే. బెంజీన్‌కు వలయాకారం ఉంటుందని 1865లో చెప్పాడు. పొయ్యి ముందు కునుకుతుంటే తన తోకను తానే నోట కరుచుకున్న పాము కనిపించిందని 1890లో ఒక సభలో చెప్పుకున్నాడు. ఆయన మెదడు అప్పటికే ఆ అణువుల మీద ఉంది కాబట్టి పాము అలా వచ్చింది. మీ అమ్మగారి మెదడు దేని మీద ఉందో చూడండి. పూజకు పెట్టే డబ్బు ఆమె మందులకు పెట్టండి.

పంచాంగం తాత:
దొరకు కలలో పాము కనపడితే విజ్ఞానం, కోవూరు ముసలమ్మకు కనపడితే మూఢనమ్మకమా మాస్టారూ? జొన్నవాడలో కామాక్షమ్మ గుడిలో జనం నిద్ర చేసేది దేనికి? అమ్మవారు కలలో పలుకుతుందనే కదా. మీ గ్రీకులు కూడా జబ్బు చేస్తే గుళ్లో పడుకొని కల కోసం ఎదురుచూశారని మీరే ఏదో చర్చలో రాశారు. వాళ్లది చరిత్ర, మాది పిచ్చి. బాగుంది. ఇంతకీ ఆ బెంజీన్ పాముకు పడగ ఉందా?

బెంజీన్ మాస్టారు:
పడగ దగ్గరే ఆగిపోయారు మీరు. పుట్టలో పాలు పోస్తే పాము తాగుతుందనే వాళ్లతో వాదన ఏముంది. పాలు పాము ఆహారమే కాదు. ఆ పుట్ట కూడా పాము కట్టుకున్నది కాదు, చెదలు కట్టింది. ఎలుకల కోసమో చల్లదనం కోసమో పాము అందులో దూరుతుంది.

పంచాంగం తాత:
నాగుల చవితికి పాలు పోసేది పాము ఆకలి తీర్చడానికని ఎవరన్నారు? చిమ్మిలి, చలిమిడి కూడా పెడతాం, పాము నువ్వులు తింటుందనా? మీ నాయనకు తద్దినం పెట్టేటప్పుడు ఆయన వచ్చి గారెలు తిన్నాడా?

బెంజీన్ మాస్టారు:
మా నాయన జోలికి రావొద్దు.

కోవూరు అబ్బాయి:
పెద్దవాళ్లు ఇద్దరూ కాస్త ఆగండి. అమ్మను అడిగాను. పడగ గుర్తు లేదంట, నల్లగా ఉందంట. “పోయేదానికి చోటు లేనట్టు చూస్తా ఉంటుందిరా” అంది. దీనికి అర్థం ఏందో చెప్పండి తాతా.

ఆత్మకూరు ఆడపడుచు:
అర్థాలు చెప్పేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. పెళ్లైన రెండో ఏట కలలో పాము వచ్చిందని మా అత్తతో అన్నాను. అంతే. పిల్లలు పుట్టకపోవడానికి సర్పదోషం నాదని తేల్చేశారు. నాలుగుసార్లు కాళహస్తి, పెంచలకోనలో తడిబట్టలతో పడుకోవడం, నలభై రోజులు పుట్ట చుట్టూ ప్రదక్షిణలు, అన్నీ నేనే. ఏడేళ్ల తర్వాత నెల్లూరు పొగతోటలో ఒక డాక్టరమ్మ ఇద్దరికీ పరీక్షలు రాస్తే లోపం మా ఆయనలో అని తేలింది. ఇప్పుడు మాకు పాప ఉంది. మా అత్త ఇప్పటికీ పూజల వల్లే అంటుంది. పాము నా కలలోకి వచ్చింది కాబట్టి దోషం నాది! ఇంతకీ అబ్బాయీ, ఇరవై రోజులంటున్నావే, ఇరవై రోజుల కింద మీ ఇంట్లో ఏం జరిగింది?

నైట్‌డ్యూటీ:
నేనడిగింది కూడా చెప్పు బాబూ. మంచమా, కిందా?

బ్యారన్ పిల్లోడు:
తాతా, పాము కరిచినట్టు కలొస్తే ధనలాభం అన్నావు కదా. మాది కొండపి పక్క. పొగాకు క్యూరింగ్ రోజుల్లో మా నాయన ఆకును వేడితో ఆరబెట్టే బ్యారన్ కాడే గోనెపట్టా పరుచుకొని పడుకునేవాడు. రాత్రంతా మంట చూసుకోవాలి గదా. ఒకనాడు మూడింటప్పుడు లేచి, కలలో ఏదో చురుక్కుమందిరా అన్నాడు. పాము కలైతే మంచిదే, ఈసారి రేటు వస్తదిలే అని పక్కనోళ్లు నవ్వారు. తెల్లారేసరికి కడుపులో నొప్పి. తర్వాత కనురెప్పలు వాలిపోయినాయి, మాట ముద్దముద్దగా వచ్చింది. కాటు గుర్తు కూడా కనపళ్లా. మంత్రం వేసేవాడి కాడికి తీసుకపోయి రెండు గంటలు పోగొట్టాం. ఒంగోలు పోయేదాకా ప్రాణం ఆగలేదు. అది కట్లపామంట.

పంచాంగం తాత:
విన్నందుకు బాధగా ఉంది నాయనా. కానీ అది కల కాదు, నిజంగా కాటు. రెండూ కలపకూడదు. నేను చెప్పింది కల గురించి.

బ్యారన్ పిల్లోడు:
అది కల కాదని మాకు ఆ రాత్రి ఎవరు చెప్పాల తాతా? నువ్వు చెప్తావా? తొలిజామా మలిజామా అని లెక్కలు కడతా కూర్చుంటావు. మీలాంటోళ్ల మాటలు వినే మేం నవ్వుకుంటా కూర్చున్నాం.

పంచాంగం తాత:
నేను మీ ఊరు వచ్చానా? నోరు అదుపులో పెట్టుకో.

చేపలపులుసు:
తాత బీపీ మాత్ర వేసుకున్నాడో లేదో ఎవరన్నా కనుక్కోండబ్బా.

కోవూరు అబ్బాయి:
ఆడపడుచు అక్క అడిగింది కాబట్టి చెబుతున్నా, దాచేదేముంది. దొడ్డి వెనక పాతిక సెంట్లు చదును చేయించాం. మూలన పుట్ట ఉంటే జేసీబీ దాన్నీ, పక్కనున్న గడ్డివామినీ తీసేసింది. ముప్పై అంకణాల లెక్కన ప్లాట్లు వేస్తే మా అన్న అప్పులు తీరతాయి. ప్లాట్ల సంగతి అమ్మకు ముందే చెప్పాం, ఊఁ అంది కూడా. తీరా సంతకం దగ్గరికొచ్చేసరికి ఈ కల మొదలైంది. మా చెల్లెలు రోజూ ఫోన్లో నూరిపోస్తోంది, తనకూ భాగం కావాలంట. అసలు కల వస్తోందో, చెల్లెలు చెప్పమంటే చెబుతోందో నాకైతే అనుమానంగానే ఉంది. పూజ చేయిస్తే ఆ వంక కూడా తీరిపోతుందని అడిగాను. తప్పా?

ఆత్మకూరు ఆడపడుచు:
అదీ సంగతి. నీకు కావలసింది శాంతి కాదు, సంతకం. చెల్లెలికి భాగం చట్టం ఇస్తుంది, పాము ఇవ్వక్కర్లేదు. అమ్మ ఆ పుట్ట దగ్గర ఎన్నేళ్లు పాలు పోసింది?

కోవూరు అబ్బాయి:
కాపురానికొచ్చినప్పటి నుంచి. యాభై ఏళ్లు ఉంటుంది. అయితే? అప్పులోళ్లు మీ ఇంటికి రారు కదక్కా, మా ఇంటికొస్తారు.

బెంజీన్ మాస్టారు:
ఇందులో అబ్బాయి తప్పేమీ కనపడలేదు. మట్టి దిబ్బ కోసం అప్పుల్లో మునగాలా? ఆవిడకు నచ్చజెప్పి సంతకం చేయించుకోండి.

పంచాంగం తాత:
ఆగండి మాస్టారూ. అబ్బాయీ, నీకు ఏ పూజా చెప్పను. ఇది స్వప్న ఫలం చూసే కల కాదు. అడక్కుండా పుట్ట తీసేశారు, ఆ మాట ఆమె మీతో అనలేక కలతో అంటోంది. కాళహస్తి పోవాలంటే సంతకం అయ్యాక మీ అన్నదమ్ములు పోండి, ఆమెను తిప్పొద్దు.

బెంజీన్ మాస్టారు:
అంటే మెదడు దేని మీద ఉంటే అదే కలలోకి వస్తుందని. నేను నిన్న చెప్పిందే కదా ఇది!

పంచాంగం తాత:
మీరు బెంజీన్ గురించి చెప్పారు.

నైట్‌డ్యూటీ:
మూడోసారి అడుగుతున్నా. అమ్మ ఎక్కడ పడుకుంటుంది?

కోవూరు అబ్బాయి:
కిందే మేడమ్. వంటింటి గడప పక్కన చాప వేసుకుంటుంది, చల్లగా ఉంటుందని. ఎందుకు?

నైట్‌డ్యూటీ:
ఎందుకేంటి? పుట్ట తవ్వారు, వామి పీకేశారు. అందులోని ఎలుకలు ఎక్కడికి పోతాయి? ఇంట్లోకే. వాటి వెనకే పాములు. కట్లపాము తిరిగేది రాత్రిపూటే, అదీ నల్లగానే ఉంటుంది. బ్యారన్ పిల్లోడు చెప్పాడుగా, కరిచినా పెద్దగా తెలియదు. పెద్దావిడ రోజూ తెల్లవారుజామున గడప దగ్గర పామును చూస్తున్నానంటే మీరంతా పడగా, జామా, ఫ్రాయిడా అంటున్నారు. సగం నిద్రలో నిజం పామునే చూస్తోందేమో ఎవరికి తెలుసు? ఈ రాత్రికే మంచం వెయ్యండి. దోమతెర అంచులు పరుపు కిందికి దోపండి. లేచేముందు టార్చి వేయమనండి. సిలిండర్ వెనక, బియ్యం మూటల వెనక చెయ్యి పెట్టకుండా కర్రతో చూడండి. కనపడితే చంపొద్దు, పాములు పట్టేవాళ్లను పిలవండి. తెల్లారి కడుపునొప్పి అన్నా, రెప్పలు వాలినా ఏ మంత్రమూ వద్దు, నేరుగా పాముకాటు మందున్న ఆసుపత్రికి.

కోవూరు అబ్బాయి:
నవారు మంచం అటక మీద ఉంటే ఇప్పుడే దించాను. ఎందుకురా అంది అమ్మ. పాముకని చెప్పా. “నా కల్లోకొచ్చేదానికి మంచం అడ్డమా?” అంటోంది. గురువారం సంగతి మాత్రం ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు.

పంచాంగం తాత:
మంచిపని చేశావు నాయనా. పడగ సంగతి మళ్లీ అడిగావా?