‘పృస్త్’లో ఉన్నది ఋకారమా, రేఫమా?

ప్రశ్న అడిగినవారు: బ్రాటిస్లావాలో ఉద్యోగంలో చేరాక, ఉబుంటులోని లిబ్రేఆఫీస్‌కు స్లొవాక్ భాషా ప్యాకేజీ వేసుకున్నాను. మెనూలు మారాయి గాని, విల్లో చెట్టు పేరును ‘వృబ’ అని హ్రస్వంగా కొట్టగానే కింద ఎర్రగీత పడి, ఆర్ అక్షరం నెత్తిన వాలుగీతతో ‘వౄబ’ అని సూచన వచ్చింది. అప్పటినుంచి, అచ్చు అక్షరమే లేని ‘స్తృచ్ పృస్త్ స్కృస్ కృక్’ (గొంతులోంచి వేలు దూర్చు) అనే అక్కడి నాలుక తిరగని వాక్యం మనసును పీడిస్తోంది. దీన్ని తెలుగులో వట్రసుడితో రాయాలా, రేఫకు పొల్లు పెట్టి రాయాలా?

మొదటి సభ్యుడు: మెనూల ప్యాకేజీ వేరు, అక్షరదోషాలు చూసే హన్‌స్పెల్-ఎస్‌కే వేరు, ఎర్రగీత పడిందంటే రెండూ పనిచేస్తున్నట్టే. ఇక వట్రసుడే సరి, ఎందుకంటే స్లొవాక్ వర్ణమాలలోని 46 అక్షరాలలో ఈ దీర్ఘానికి ప్రత్యేక స్థానం ఉంది, హల్లుకు దీర్ఘం ఎక్కడైనా ఉంటుందా?

రెండవ సభ్యుడు: వట్రసుడి పెడితే మనవారు ‘ప్రుస్త్’ అని, ఉత్తరాదివారు ‘ప్రిస్త్’ అని చదువుతారు, రెండింటిలోనూ లేని అచ్చు వచ్చి చేరుతుంది. మనం ‘రు’ అని పలికినా యతిలో ఋకారం ఇ, ఎ ల పక్షానే నిలుస్తుందని మరువకండి. పైగా తెలుగుకు 36 వర్ణాలే చెప్పిన బాలవ్యాకరణం ఋకారాన్ని సంస్కృతసమాల కోసమే రానిచ్చింది. స్లొవాక్ మాటకు ఆ అనుమతి ఎవరిచ్చారు?

మూడవ సభ్యుడు: చుట్టరికం ఇచ్చింది, మాస్టారూ. తోడేలు వారికి ‘వౢక్’, సంస్కృతంలో వృకం. రెండూ ఒకే ధాతువు బిడ్డలు. కన్నీటిచుక్క ‘సౢజ’ షష్ఠీ బహువచనంలో ‘సౣజ్’ అవుతుంది, మన పితృశబ్దం ‘పితౄణామ్’ అయిన చోటే!

రెండవ సభ్యుడు: వృకాన్ని ఒప్పుకుంటాను, దీర్ఘం మాత్రం కాకతాళీయమే. అక్కడ చివరి హ్రస్వాచ్చు రాలిపోయినందుకు పరిహారంగా ముందు అక్షరం సాగింది.

నాల్గవ సభ్యుడు: ఛందస్సు తెలిసినవారు లయనియమాన్ని వదిలేశారేమిటి? స్లొవాక్‌లో రెండు దీర్ఘాలు సాధారణంగా పక్కపక్కన నిలవవు. ‘జెనామ్’ (స్త్రీలకు) అనేచోట దీర్ఘం ఉన్నా, ‘వౄబమ్’ అనేచోట ముందున్న ౠకారం దాన్ని కుదించింది.

ప్రశ్న అడిగినవారు: వట్రసుడితో రాసుకుని పక్క సీటులోని స్లొవాక్ మిత్రుడికి చదివి వినిపించాను. ‘ప్రుస్త్’లో ఆ ఉకారం ఎక్కడిదని నవ్వాడు.

మొదటి సభ్యుడు: ఆయన చేత ‘కృష్ణ’ అనిపించి, ఏమని పలికారో చెప్పండి.