ఇరకం దీవి ఒక్కరోజు టూర్: బీచ్ అని చెప్పి సరస్సు ఒడ్డున దించారు. ఇది మోసం కాదా?

తిరుచానూరు మాస్టారు (ఆదివారం రాత్రి 9:10)

పోయిన ఆదివారం మా ఇంటివాళ్లం ఆరుగురం పులికాట్ సరస్సులోని ఇరకం దీవికి వెళ్లొచ్చాం. మనిషికి 1,900 రూపాయలు. టూర్ వాళ్లిచ్చిన కరపత్రంలో ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను: "దీవిలో ఒక రోజు. మత్స్యకారుల సంస్కృతి, ఇంటి భోజనం, సాయంత్రం రెండు గంటలు బీచ్."

తెల్లవారుజామున ఐదున్నరకు టెంపో ఎక్కాం. శ్రీకాళహస్తి, వరదయ్యపాళెం మీదుగా తడ చేరి, అక్కడి నుంచి భీమునివారిపాళెం పడవల రేవుకు వెళ్లాం. పడవ ప్రయాణం బాగుంది. దూరంగా ఫ్లెమింగోలు కనిపించాయి. ఊళ్లో ఒక పెద్దావిడ వాకిట్లో కూర్చుని వల బాగుచేస్తూ, సూది ఎలా తిప్పాలో మా మనవరాలికి చూపించింది. ఆ అరగంట నాకు చాలా నచ్చింది. రొయ్యల కూర కూడా బాగుంది.

సాయంత్రం బీచ్ అని తీసుకెళ్లిన చోట అలే లేదు. బురద కలిసిన ఇసుక ఒడ్డు, నీళ్లు మోకాలి దాకా. మా పిల్లలు సముద్రం ఎక్కడ తాతా అని అడిగారు. నేను ముప్పై ఏళ్లు సోషల్ చెప్పినవాడిని. చిలికా తర్వాత దేశంలో రెండో పెద్ద ఉప్పునీటి సరస్సు పులికాట్. దానికీ బంగాళాఖాతానికీ మధ్య శ్రీహరికోట దీవి అడ్డంగా ఉంది. 1971 నుంచి అక్కడ రాకెట్ కేంద్రం నడుస్తోంది, ఆ ఒడ్డుకు మనల్ని వెళ్లనివ్వరు. కాబట్టి ఆ రేవులో పడవ ఎక్కినవాళ్లకు సాయంత్రానికి సముద్రం చూపించడం కుదరదు. కుదరదని తెలిసి కూడా కరపత్రంలో ఎందుకు వేశారు? గైడ్‌ను అడిగితే ఇదే బీచ్ సార్ అన్నాడు. ఇది మోసమా, కాదా?

బైరాగిపట్టెడ (9:24)

లైఫ్ జాకెట్లు ఇచ్చారా? ముందు అది చెప్పండి. 2011 డిసెంబరు 25న ఇదే సరస్సులో, తమిళనాడు వైపు, షికారు పడవ బోల్తా పడి 22 మంది చనిపోయారు.

తిరుచానూరు మాస్టారు (9:31)

పెద్దవాళ్లకు ఇచ్చారు. పిల్లల సైజు లేవు. మనవరాలికి నా జాకెట్ తొడిగి, తాడు రెండు చుట్లు చుట్టాను.

కాళహస్తి డ్రైవర్ (9:50)

సార్, నేను ఆ టూర్లకు బండి తోలతాను. కంపెనీ తరఫున మాట్లాడటం లేదు, నా మాట చెబుతున్నాను. ఇసుక ఉంది, నీళ్లున్నాయి, గాలి ఉంది. జనం బీచ్ అనే అంటారు. సముద్రమే కావాలంటే నాయుడుపేట మీదుగా వాకాడు వైపు తూపిలిపాళెం పోవాలి. దీవి, తూపిలిపాళెం రెండూ ఒకే రోజు పెడితే మీరు ఇల్లు చేరేసరికి అర్ధరాత్రి దాటుతుంది. ఉన్న టైంలో చూపించగలిగింది చూపించారు. డీజిల్, పడవ, భోజనం, గైడ్ అన్నీ పోతే 1,900లో మిగిలేది ఏముంటుంది?

తిరుచానూరు మాస్టారు (9:58)

మిగులు సంగతి నేను అడగలేదు. మాట సంగతి అడిగాను. సరస్సు ఒడ్డును సరస్సు ఒడ్డు అనండి. నేను అప్పుడు కూడా వచ్చేవాడిని.

కాళహస్తి డ్రైవర్ (10:03)

సరస్సు ఒడ్డు అని వేస్తే ఎవరూ ఫోన్ చేయరు సార్.

తిరుచానూరు మాస్టారు (10:05)

ఒప్పుకున్నారు కదా. ఇంక చర్చ దేనికి?

పక్షుల పిచ్చి (10:20)

నాది వేరే బాధ. ఫ్లెమింగోలు దూరంగా కనిపించాయని మాస్టారు రాశారు, సంతోషం. నేను వెళ్లిన రోజు ఫొటోల కోసం మరబోటును నేరుగా గుంపు మీదికి పోనిచ్చారు. అన్నీ ఒక్కసారి లేచిపోయాయి. అక్టోబరు నుంచి మార్చి దాకా ఆ పక్షులు ఈ లోతు లేని నీళ్లలో మేయడానికే వస్తాయి. లేపిన ప్రతిసారీ వాటి తిండి పోతుంది. 1976లోనే పక్షుల అభయారణ్యంగా ప్రకటించిన చోటు ఇది. పక్షులు దగ్గరగా కావాలంటే దొరవారిసత్రం దగ్గర నేలపట్టు ఉంది. నీటికనుప చెట్ల మీద గూడబాతుల గూళ్లు ఒడ్డు నుంచే కనిపిస్తాయి. ఇంజిన్ అక్కర్లేదు.

తడ జంక్షన్ (10:26)

గైడ్ మాకు డచ్చివాళ్ల కోట ఈ దీవిలోనే ఉండేదని చెప్పాడు. ఆ కోట 1613లో కట్టింది పళవేర్కాడులో, తమిళనాడు వైపు. తెలియనప్పుడు ఊరుకోవచ్చు కదా.

పులికాట్ ఆడపడుచు (10:52)

నేను పుట్టింది ఆ దీవిలోనే. పెళ్లయి తిరుపతి వచ్చి పద్నాలుగేళ్లయింది. గంట నుంచి చదువుతున్నాను. ఇసుక, బురద, అల, పక్షి, కోట. ఆ ఊళ్లో మనుషులున్నారన్న మాట ఎవరి నోటా రాలేదు.

మాస్టారూ, మీ మనవరాలికి వల చూపించిన పెద్దావిడ మా మేనత్త. ఆ వల చిరగలేదు. గైడ్ ముందురోజు ఫోన్ చేసి, పదకొండుకల్లా వాకిట్లో వల పట్టుకుని కూర్చోమంటాడు. బాగున్న వలకు ఒక మూల తెంపి మళ్లీ అల్లుతుంది. మా ఇంట్లో మాట్లాడేది తమిళం. ఆమె చెప్పేది ఒకటి, గైడ్ తెలుగులో చెప్పేది ఇంకొకటి. మొన్న "నాకు మోకాళ్లు నొప్పి, ఎంతసేపు కూర్చోవాలి" అని ఆమె అంటే, "తరతరాల విద్య అంటోంది" అని గైడ్ చెప్పాడట. పక్కింటి పిల్ల విని నాకు ఫోన్‌లో చెప్పింది.

మీరు తిన్న భోజనానికి మా వాళ్లకు ఇచ్చేది ఆకుకు 120. రొయ్యలు కొనడం, ఒలవడం, వండటం, వడ్డించడం, గిన్నెలు కడగడం అన్నీ అందులోనే. 1,900లో 120. మీకు బీచ్ దగ్గర మోసం కనిపించింది. నాకు మా అత్త వాకిట్లో కనిపిస్తోంది.

ఇంకొకటి కూడా రాయాలి. నిరుడు ఒక టూర్ మరబోటు రెక్కకు మా చిన్నాన్న వల చుట్టుకుని సగం పోయింది. దిగి క్షమించమని అడిగినవాళ్లు లేరు.

తిరుచానూరు మాస్టారు (11:15)

అమ్మా, వల పోయినందుకు బాధగా ఉంది. కానీ నన్ను దోషిని చేయడం న్యాయం కాదు. నేను అడిగిన డబ్బు ఇచ్చాను. చెప్పులు బయట విడిచి లోపలికి వెళ్లాను. అడగకుండా ఫొటో తీయలేదు. మీ అత్తగారి దగ్గర అరకిలో ఎండు రొయ్యలు బేరమాడకుండా కొన్నాను. ఆవిడతో వచ్చీరాని తమిళంలో మాట్లాడాను. వాళ్లబ్బాయి శ్రీసిటీలో పనికి పోతున్నాడని, నెలకోసారి వస్తాడని చెప్పి కళ్లనీళ్లు పెట్టుకుంది. అది కూడా గైడ్ చెప్పి చేయించిందేనా?

పులికాట్ ఆడపడుచు (11:22)

కాదు సార్. అది నిజం.

పులికాట్ ఆడపడుచు (11:24)

మీ గురించి అత్త చెప్పింది. కళ్లజోడు సారు సూదిలోకి దారం ఎక్కించి ఇచ్చాడు అంది. మీ మీద నాకు కోపం లేదు. కానీ రేపు ఇంకో నలభై మంది వస్తారు. అందరూ సూదిలోకి దారం ఎక్కించరు. మా ఊరు చూపుడు బొమ్మ కాదు. ఈ టూర్లు ఆపేయాలి.

కాళహస్తి డ్రైవర్ (11:30)

ఆపేయాలి అనడం తేలిక అక్కా. నాకిద్దరు పిల్లలు. ఆదివారం ట్రిప్పుకు నాకొచ్చేది 900. కొండకు వచ్చే భక్తులు దర్శనం అయ్యాక చూడ్డానికి ఏముందని అడిగితే ఇన్నాళ్లూ కాళహస్తి, కాణిపాకం అనే చెప్పేవాళ్లం. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారి సూళ్లూరుపేట, తడ మన తిరుపతి జిల్లాలోకి వచ్చాక మాకు ఇంకో దారి దొరికింది. వలకు పరిహారం అడగండి, నేనూ మీతో వచ్చి అడుగుతాను. టూర్ ఆపమంటే ఒప్పుకోను.

పులికాట్ ఆడపడుచు (11:34)

మీకు దారి దొరికిందని మా ఊరి వాళ్లు గుమ్మంలో నిలబడాలా?

బైరాగిపట్టెడ (11:36)

గొంతులు పెరుగుతున్నాయి. కాస్త నెమ్మది.

ఇరకం కోడలు (సోమవారం ఉదయం 6:05)

రాత్రి సిగ్నల్ లేదు, ఇప్పుడే అంతా చదివాను. వదినా, నేనెవరో నీకు అర్థమవుతుంది. ఆదివారం రొయ్యలు వండింది నేను. అత్త వాకిట్లో కూర్చుంది, పొయ్యి దగ్గర నేనున్నాను.

టూర్ ఆపాలని రాశావే, నన్ను అడిగావా? అత్తను అడిగావా? నువ్వు సంక్రాంతికి వస్తావు, నాలుగు రోజులుంటావు, రొయ్యలు కట్టించుకుని వెళతావు. నువ్వు చిన్నప్పుడు చూసిన ఊరు అలాగే ఉండాలని నీకుంటుంది, తప్పు లేదు. ఇక్కడ ఉండేది మేము. సరస్సు సముద్రంలో కలిసే నోళ్లు ఇసుకతో పూడిపోయి, ఎండాకాలం వచ్చేసరికి పడవ దిగి నెట్టుకోవాలి. రొయ్య పిల్ల లోపలికి రావాలంటే ఆ నోళ్లు తెరిచి ఉండాలి కదా. వేటకు వెళ్లిన రోజు డీజిల్ డబ్బులు రాని రోజులు నేను లెక్కపెట్టాను. నీ తమ్ముడు రాత్రి రెండింటికి లేచి వెళ్లి, ఉత్త బుట్టతో వచ్చి గోడ వైపు తిరిగి పడుకుంటాడు.

మన దగ్గర పాడు వంతులున్నాయి. ఏ రోజు ఎవరు ఎక్కడ వల వేయాలో పెద్దలు చీటీ వేస్తారు. అందులో ఒక్క ఆడదాని పేరైనా ఉందా? మీ నాన్న ఇంట్లో పుట్టినా నీ పేరు లేదు, నా పేరూ ఉండదు. చేపలు అమ్మిన డబ్బు నా చేతికి ఎన్నడూ రాలేదు. ఆదివారం భోజనాల డబ్బు నా చేతికి వస్తుంది. ఇరవై ఆకులకు 2,400. రొయ్యలు, నూనె, గ్యాస్ పోగా 900 మిగిలింది. పెళ్లయి వచ్చిన తొమ్మిదేళ్లలో నాది అనుకున్న డబ్బు అదే. చంటివాడి ఫీజు దాంట్లోంచే కట్టాను.

120 తక్కువే. అది నాకు తెలుసు, దానికోసం నేనే పోట్లాడతాను. ఆపమని మాత్రం నా తరఫున అనొద్దు.

పులికాట్ ఆడపడుచు (6:40)

మూడుసార్లు చదివాను. అడగలేదు, నిజమే. కానీ పుట్టిన ఊరి గురించి మాట్లాడే హక్కు పెళ్లితో పోతుందా? అత్త మోకాళ్ల నొప్పి నాకు ఫోన్‌లో చెబుతుంది, నీకు చెప్పదు. కోడలి ఆదాయం పోతుందని నోరు మూసుకుని కూర్చుంటుంది.

ఇరకం కోడలు (6:52)

నాకూ చెబుతుంది. రాత్రి నూనె రాసేది నేనే. వల పట్టుకుని కూర్చోవద్దు అత్తా, నేను గైడ్‌కు చెబుతాను అంటే వినదు. వాళ్లొస్తే ఊసుపోతుంది, నలుగురితో మాట్లాడినట్టు ఉంటుంది అంటుంది. కొడుకు నెలకోసారి వస్తాడు. నువ్వు ఏడాదికోసారి వస్తావు. వారం వారం వచ్చేది ఈ టూర్ వాళ్లే.

తడ జంక్షన్ (7:10)

ఈ మాటకు నా దగ్గర జవాబు లేదు.

తిరుచానూరు మాస్టారు (7:35)

నేను బీచ్ గురించి మొదలుపెట్టాను. దాని మీద నా మాట మారలేదు, కరపత్రం మార్చాల్సిందే. కానీ అమ్మా, కోడలమ్మా, ఒకటి అడుగుతాను. మళ్లీ వస్తే మీకు నేరుగా ఫోన్ చేసి రావచ్చా? ఆకుకు ఎంత ఇవ్వాలో మీరే చెప్పండి.

కాళహస్తి డ్రైవర్ (7:41)

మాస్టారూ, నేరుగా వెళితే మా పొట్ట కొట్టినట్టే కదా.

ఇరకం కోడలు (8:20)

డ్రైవర్ అన్నా, మీ బండి లేకపోతే వాళ్లు తడ దాకా ఎలా వస్తారు? మీ ఓనర్‌కు ఇవి చెప్పండి. ఆకుకు 220. రెండు రోజుల ముందు ఎంతమందో చెప్పాలి, నేను రొయ్యలు కొనుక్కోవాలి. అత్త తనకు ఓపికుంటే కూర్చుంటుంది, లేకపోతే లేదు, వలను తెంపమని అడగొద్దు. మరబోటు వలల గుంజలున్న వైపు రాకూడదు. రేవు నుంచి దారి మా మరిదికి తెలుసు, అతన్ని పడవలో కూర్చోబెట్టుకోండి, అతనికి 300 ఇవ్వండి. నీళ్లు తగ్గిన నెలల్లో రావొద్దు. ఒప్పుకోకపోతే పై ఆదివారం నుంచి నేను పొయ్యి వెలిగించను. పక్కిళ్ల వాళ్లతోనూ మాట్లాడాను, వాళ్లూ వెలిగించరు.

పక్షుల పిచ్చి (8:31)

ఫ్లెమింగోల గుంపుకు దూరంగా ఇంజిన్ ఆపి గెడకర్రతో వెళ్లమని మీ మరిదికి చెబుతారా?

ఇరకం కోడలు (8:34)

మా వాళ్లు ఎప్పుడూ అలాగే వెళతారు. బయటి పడవలే వెళ్లవు.

కాళహస్తి డ్రైవర్ (మధ్యాహ్నం 1:15)

ఓనర్‌తో మాట్లాడాను. 220కి ఒప్పుకోలేదు, 180 అన్నాడు. మీ మరిదికి 300 సరేనన్నాడు. పిల్లల జాకెట్లు పది కొంటానన్నాడు. కరపత్రాలు అచ్చయిపోయాయట, తర్వాతిసారి మారుస్తాడట.

తిరుచానూరు మాస్టారు (1:22)

అచ్చయినవాటి మీద పెన్నుతో కొట్టేయమనండి. అవసరమైతే నేనొచ్చి కొట్టేస్తాను.

ఇరకం కోడలు (1:40)

180కి కుదరదు. 220.

పులికాట్ ఆడపడుచు (రాత్రి 8:45)

రోజంతా ఏం రాయాలో తోచలేదు. మరదలా, అత్తను నేను నేరుగా అడగాలి, ఫోన్‌లో కాదు. ఈ ఆదివారం వస్తున్నాను. టూర్ వాళ్లు వచ్చే వేళకు నేనూ వంటింట్లో ఉంటాను. ఓనర్ 220 ఇవ్వకపోతే, నేనూ మీతో కలిసి ఆ పడవను వెనక్కి పంపుతాను. ఉదయం పడవ ఎన్నింటికి?

ఇరకం కోడలు (9:02)

ఏడున్నరకు వదినా. తడలో దిగినప్పుడు అత్త మోకాళ్ల మందు ఒక సీసా తీసుకురా, ఇక్కడ అయిపోయింది.