బడ్ ఫిషర్, 'మట్ అండ్ జెఫ్' హక్కులు: మూలన రాసిన ఒక్క లైనుతోనే గెలిచాడా?

పాతపేజీ

అమెరికన్ పత్రికల తొలినాటి కామిక్ స్ట్రిప్పుల మీద వ్యాసం రాస్తున్నాను. ఒకచోట చిక్కు పడింది. చిత్రకారుడు అవుట్‌కాల్ట్ పత్రిక మారినప్పుడు తన స్ట్రిప్ 'బస్టర్ బ్రౌన్' పేరు పోగొట్టుకున్నాడు. మరో చిత్రకారుడు డర్క్స్ అలాగే తన 'కాట్జెన్‌జామర్ కిడ్స్' పేరు పోగొట్టుకున్నాడు. 'మట్ అండ్ జెఫ్' గీసిన బడ్ ఫిషర్ మాత్రం పత్రిక మారిన ప్రతిసారీ తన బొమ్మల్ని, వాటి పేర్లనీ వెంట తీసుకెళ్లాడు. 1907లో స్ట్రిప్ మూలన 'కాపీరైట్ 1907, హెచ్.సి. ఫిషర్' అని రాసుకోవడమే అందుకు కారణమని ఎక్కడ చూసినా ఉంది. ఒక్క లైనుకు అంత బలం ఉందా? ఇంకొకటి: స్కాన్ చేసిన పాత స్ట్రిప్ చేతికొస్తే, అది ఏ కాలానిదో, ఎవరి హక్కులో ఉండేదో ఎలా పోల్చుకోవాలి?

జింకుబ్లాకు

ముందు వరస చూద్దాం. 1907 నవంబరు 15న శాన్‌ఫ్రాన్సిస్కో క్రానికల్ క్రీడల పేజీలో 'ఎ. మట్' మొదలైంది. మట్ గుర్రప్పందేల పిచ్చివాడు. ఆ మధ్యాహ్నం నిజంగా పరిగెత్తబోయే గుర్రం మీదే పందెం కాసేవాడు. గెలిచాడో ఓడాడో తెలియాలంటే పాఠకుడు మర్నాడు పేపరు కొనాల్సిందే. స్ట్రిప్ రోజూ రావలసిన అవసరం కథలోనే ఉందన్నమాట. షికాగోలో క్లేర్ బ్రిగ్స్ 'ఎ. పైకర్ క్లర్క్' పేరుతో ఇదే ఎత్తుగడ అంతకుముందే వేశాడు, కానీ అది నిలబడలేదు. రోజూ వస్తూ నిలదొక్కుకున్న మొదటి స్ట్రిప్ ఫిషర్‌దే.

నెల తిరక్కుండానే పత్రికాధిపతి హెర్స్ట్ ఎక్కువ జీతమిచ్చి అతణ్ని తన ఎగ్జామినర్ పత్రికకి లాగేసుకున్నాడు. క్రానికల్ ఊరుకోలేదు. రస్ వెస్టోవర్ చేత అదే మట్‌ని గీయించింది. (ఈ వెస్టోవరే 1921లో 'టిల్లీ ద టాయిలర్' మొదలుపెట్టాడు, మంచి చెయ్యి.) అప్పుడు ఫిషర్ చేతిలో ఉన్న ఆయుధం ఆ లైనే. 1908 జూన్‌లో క్రానికల్ తన మట్‌ని ఆపేసింది.

లైను మూలన ఇమిడిపోవడానికి కారణం అచ్చు పద్ధతిలో ఉంది. సిరాతో గీసిన బొమ్మని కెమెరాతో నెగెటివ్ తీసి, ఆ నెగెటివ్‌ని జింకు రేకు మీదికి ఎక్కించి, ఆమ్లంతో తినిపిస్తే బ్లాకు తయారవుతుంది. కంపోజింగ్‌లో పేర్చే అక్షరాలు వేరు, బొమ్మలో చేత్తో రాసిన అక్షరాలు వేరు. ఫొటో తీసేలోపు బొమ్మ మీద ఏది రాస్తే అది బ్లాకులో భాగమైపోతుంది. సంపాదకుడు ప్రూఫులో దాన్ని కొట్టేయాలంటే రేకుని చెక్కాలి, లేదా కొత్త బ్లాకు చేయించాలి. సాయంత్రం హడావుడిలో ఆ పని ఎవరూ పెట్టుకోరు.

వాదప్రతివాది

పైన చెప్పినదంతా సరే. కానీ ఆ లైనుకి అంత ఘనత ఇవ్వడం నాకు ఒప్పదు. నాటి చట్టంలో నోటీసు ఒక్కటీ ఉంటే సరిపోదు. ప్రచురణ రోజు దాటకుండా 2 ప్రతులు లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో జమ చేయాలి. పైగా జీతానికి గీసిన బొమ్మ యజమానిదే అన్న వాదన అప్పటికే గట్టిగా ఉంది. 1909 చట్టం దాన్ని అక్షరాల్లోనే పెట్టేసింది: కూలికి చేసిన పనికి 'రచయిత' అంటే యజమాని కూడా. అన్నిటికంటే ముఖ్యం, కాపీరైటు కాపాడేది అచ్చయిన ఆ స్ట్రిప్‌ని. రేపు వేరొకరు గీయబోయే మట్ సంగతి అది తేల్చదు.

మిగతా ఇద్దరి కేసులు ఇక్కడే అర్థమవుతాయి. 1896లో అవుట్‌కాల్ట్ న్యూయార్క్ వరల్డ్ పత్రిక వదిలి హెర్స్ట్ పత్రిక జర్నల్‌కి వెళ్లాక, వరల్డ్‌లో జార్జ్ లక్స్ అతని 'హోగన్స్ ఆలీ'ని గీస్తూనే ఉన్నాడు. అందులోని పిల్లవాడు ఎల్లో కిడ్. ఒకే ఊళ్లో ఒకేసారి ఇద్దరు ఎల్లో కిడ్‌లన్నమాట. 1906లో అవుట్‌కాల్ట్ హెరాల్డ్ పత్రిక నుంచి మళ్లీ హెర్స్ట్ దగ్గరికి వచ్చినప్పుడు కోర్టు 'బస్టర్ బ్రౌన్' శీర్షిక హెరాల్డ్‌ది అంది. బొమ్మల్ని గీసుకోవచ్చు, శీర్షిక పెట్టకూడదు. అందుకే హెర్స్ట్ పత్రికల్లో ఆ పేజీ పేరు లేకుండా బస్టర్ బొమ్మతో వచ్చేది. డర్క్స్ 1912లో హెర్స్ట్‌ని వదిలినప్పుడూ ఇంతే. పేరు హెర్స్ట్‌కి ఉండిపోయింది, హెరాల్డ్ నెర్ దాన్ని కొనసాగించాడు. డర్క్స్ 1914 నుంచి వరల్డ్‌లో అవే పిల్లలతో 'హాన్స్ ఉంట్ ఫ్రిట్జ్' గీశాడు. జర్మనీతో యుద్ధం నడుస్తున్న 1918లో అది 'ద కెప్టెన్ అండ్ ద కిడ్స్' అయింది. రెండు కేసుల్లోనూ తీర్పు ఒకే తీరు: శీర్షిక పత్రికది, బొమ్మ చిత్రకారుడిది.

ఫిషర్ అసలు పోరాటం 1915లో మొదలైంది. హెర్స్ట్ కంపెనీతో ఒప్పందం ముగియగానే వారానికి 1000 డాలర్ల హామీతో అతను వీలర్ సిండికేట్‌కి (స్ట్రిప్పుల్ని ఊరూరా పత్రికలకి అమ్మే సంస్థ) వెళ్లాడు. హెర్స్ట్ తరఫు స్టార్ కంపెనీ వేరొకరి చేత మట్, జెఫ్‌లను గీయించే ప్రయత్నంలో పడింది. వ్యవహారం న్యూయార్క్ అత్యున్నత అప్పీళ్ల కోర్టు దాకా వెళ్లి 1921లో ఫిషర్ పక్షాన తేలింది. తీర్పుకి ఆధారం కాపీరైటు కాదు, అక్రమ పోటీ సూత్రం. ఆ పేర్లు వింటే, ఆ ఆకారాలు చూస్తే జనానికి ఫిషర్ పనే గుర్తొస్తుంది, వేరొకరు గీసి అదే పేరుతో అమ్మితే జనం మోసపోతారు అని. ఆ ఒప్పందంలో ఫిషర్ పేర్లనూ పాత్రలనూ కంపెనీకి రాసివ్వలేదు, బొమ్మలు గీసిస్తానని మాత్రమే ఒప్పుకున్నాడు.

వ్యాసంలో రెండు మెట్లు విడిగా చూపించండి. 1907 లైను అతనికి బేరమాడే బలం ఇచ్చింది. 1921 గెలుపు ఒప్పందంలో రాయని మాట వల్ల, జనం జ్ఞాపకం వల్ల వచ్చింది.

పాతపేజీ

చాలా స్పష్టంగా చెప్పారండి. ఒక సందేహం: జనం గుర్తుపట్టేది 'ఫిషర్ గీసింది' అని కదా. తర్వాత చాలాకాలం వేరేవాళ్లే గీశారని కూడా చదివాను. ఆ వాదన అప్పుడు ఎలా నిలబడింది?

వాదప్రతివాది

కేసు 1915 నాటి పరిస్థితి మీద నడిచింది. తర్వాతి ఏళ్లలో సహాయకుడు ఎడ్ మాక్ చాలా భాగం గీశాడు. 1932 నుంచి ఆల్ స్మిత్ పూర్తిగా చేపట్టాడు. 1954లో ఫిషర్ చనిపోయేదాకా స్ట్రిప్ మీద ఉన్నది ఫిషర్ సంతకమే, స్మిత్ పేరు ఆ తర్వాతే కనిపిస్తుంది. హక్కుదారే తన పేరు కింద గీయించుకుంటే పోటీ ప్రశ్న రాదు. స్మిత్ అన్నేళ్లు గీసి పేరు లేకుండా ఉండిపోవడం న్యాయమా అంటే నేను కాదనే అంటాను. కోర్టులో తనకోసం ఫిషర్ గెలిచింది ఆ గుర్తింపే కదా.

గడులపెట్టె

రెండో ప్రశ్నకి జవాబు. ఈ వరసలో చూడండి.

మొదట జెఫ్ ఉన్నాడా చూడండి. 1908 మార్చి 27న పిచ్చాసుపత్రిలో మట్‌కి తారసపడతాడు, తాను బాక్సర్ జెఫ్రీస్‌నని నమ్మే పొట్టివాడు. జెఫ్ ఉంటే ఆ తేదీకి ముందుది కాదు. లేడంటే మాత్రం ఏమీ రుజువు కాదు, మట్ ఒంటరిగా వచ్చే రోజులూ ఉన్నాయి.

తర్వాత శీర్షిక. 'మట్ అండ్ జెఫ్' స్థిరమైన పేరుగా 1916 సెప్టెంబరు 15 నుంచి వస్తుంది. అంతకుముందు ఆ రోజు హాస్యానికి తగ్గ వాక్యమే శీర్షికగా ఉంటుంది.

ఆపైన మూలనున్న లైను. హెర్స్ట్ కాలపు స్ట్రిప్పుల్లో సాధారణంగా స్టార్ కంపెనీ లేదా నేషనల్ న్యూస్ అసోసియేషన్ పేరు కనిపిస్తుంది. వీలర్ కాలం నుంచి 'హెచ్.సి. ఫిషర్' అని ఉంటుంది, 1920ల్లో పక్కనే ట్రేడ్‌మార్కు నమోదు మాట కూడా. సంతకాన్ని మాత్రం ఆధారం చేసుకోవద్దు, ఎవరు గీసినా 'బడ్ ఫిషర్' అనే ఉంటుంది.

ఎక్కువమంది పొరబడేది లైను కనబడనప్పుడు. సిండికేట్ ఊరూరా పంపేది బొమ్మని కాదు, గుజ్జు అట్ట అచ్చుని. స్థానిక పత్రిక అందులో సీసం పోసి ప్లేటు చేసుకునేది. కాలమ్ వెడల్పుకి సరిపోకపోతే అంచు కోసేసేవారు, ఆ కోతలో మూల లైను పోయేది. కాబట్టి క్లిప్పింగ్‌లో లైను లేదని సిండికేట్ నోటీసు పెట్టలేదనుకోకండి. అదే రోజు స్ట్రిప్‌ని వేరే ఊరి పత్రికలో వెతికి పోల్చండి. తేదీ కూడా అలాగే నిర్ధారించుకోండి, కొన్ని పత్రికలు అచ్చుని కొన్నాళ్లు దాచి ఆలస్యంగా వేసేవి. వెడల్పు కొలిచి ముందుదో వెనకదో తేల్చడం కూడా కుదరదు, ఎందుకంటే ఆ అట్ట ఆరేటప్పుడు కుంచించుకుపోతుంది. ఒకే స్ట్రిప్ రెండు పత్రికల్లో రెండు వెడల్పుల్లో ఉండటం మామూలే.

బొమ్మల గడులు అడ్డంగా కాకుండా పైన 2, కింద 2 ఉంటే అది దినపత్రిక నుంచి వచ్చింది కాకపోవచ్చు. ప్రచురణ సంస్థ కపుల్స్ అండ్ లియోన్ 1919 నుంచి వేసిన చదరపు సంకలనాల్లో అలా పేర్చేవారు. అక్కడ కనిపించే సంవత్సరం పుస్తకానిది, స్ట్రిప్ అంతకంటే పాతది కావచ్చు.

వ్యాసంలో బొమ్మ వాడుకోవాలంటే, అమెరికాలో ప్రచురణ నుంచి 95 ఏళ్లు నిండిన సంవత్సరం ముగిశాక కాపీరైటు ఉండదు. ట్రేడ్‌మార్కు లెక్క వేరు. వ్యాసంలో ఉదాహరణగా చూపించడానికి అది అడ్డు రాదు, కానీ ఆ పేరుతో సరుకు అమ్మే ఆలోచన ఉంటే విడిగా చూసుకోవాలి.

జింకుబ్లాకు

ఆదాయం గురించిన భాగం రాస్తుంటే ఇది కలపండి. హక్కులు తన దగ్గరే ఉండటం వల్ల యానిమేషన్ చిత్రాల ఆదాయం కూడా ఫిషర్‌కి వచ్చింది. 1916 నుంచి ఆ చిత్రాలు గీసింది రౌల్ బారె, చార్లెస్ బవర్స్‌ల స్టూడియో, తెర మీద పేరు ఫిషర్‌ది. ఆ డబ్బుతో పందెం గుర్రాలు పెంచాడు. 1924లో ప్రీక్‌నెస్ పందెం గెలిచిన ఆడ గుర్రం నెల్లీ మోర్స్ అతనిదే.

పాతపేజీ

అందరికీ ధన్యవాదాలండి. 1907 బొమ్మ కింద వ్యాఖ్య ఇలా పెడుతున్నాను: 'ఎ. మట్, శాన్‌ఫ్రాన్సిస్కో, 1907. మూలనున్న నోటీసు ఈ ఒక్క స్ట్రిప్‌కే వర్తిస్తుంది. పాత్రల పేర్ల మీద ఫిషర్ హక్కు 1921 తీర్పుతో తేలింది.'

వాదప్రతివాది

బావుంది. '1921 తీర్పు' ముందు 'న్యూయార్క్' అని చేర్చండి. అది రాష్ట్ర కోర్టు తీర్పు.