అణుబాంబుతో కాలువ తవ్వారంటే నిజమేనా?

అనంత_కుర్రోడు:
మొన్న పెళ్లి భోజనాల దగ్గర హంద్రీ-నీవా మాట వచ్చింది. మా మామ ఒకాయన, "కాలువలు, సొరంగాలు ఇన్నేళ్లు తవ్వేదేంది, రష్యావోళ్లు అణుబాంబు పెట్టి ఒక్క దెబ్బకు తవ్వినారు, గాలేరు-నగరి కాలువ మీది అవుకు టన్నెల్‌లో కూడా అట్లే చేసుంటే ఎప్పుడో నీళ్లు పారుండేవి" అని గట్టిగా వాదించాడు. నవ్వేశాను గానీ, తర్వాత వెతికితే అట్లాంటిదేదో జరిగినట్టే ఉంది. నిజంగా తవ్వారా? పనికొస్తే ఎందుకు మానేశారు? తెలిసినవాళ్లు చెప్పండి.

కడప_ఫిజిక్స్_సార్:
మీ మామ చెప్పింది సగం నిజం. ఉత్తరానికి పోయే పెచోరా నది నీళ్లను దక్షిణాన కామా నదిలోకి, అక్కడి నుంచి వోల్గా మీదుగా నీటిమట్టం పడిపోతున్న కాస్పియన్ సముద్రానికి మళ్లించాలని 1971 మార్చిలో ఒక్కోటి 15 కిలోటన్నుల (కిలోటన్ను అంటే వెయ్యి టన్నుల టీఎన్‌టీ పేలుడు మందు అంత) బాంబులు మూడు వరుసగా పాతి ఒకేసారి పేల్చారు. సుమారు 700 మీటర్ల పొడవు గుంత పడింది, లోతు మాత్రం 10-15 మీటర్లే. అక్కడిది నీళ్లు పట్టిన వదులు నేల, గట్లు జారి లోపలికే కూలాయి. కాలువ మొత్తానికి ఇట్లాంటివి వందల్లో కావాలి కాబట్టి అక్కడితో ఆపేశారు. గుంత ఇప్పటికీ చెరువులా ఉంది.

అంతకుముందు 1965 జనవరిలో, అప్పట్లో సోవియట్ యూనియన్‌లో ఉన్న కజకిస్తాన్‌లోని చాగాన్‌లో 140 కిలోటన్నులది పేల్చి ఏకంగా రిజర్వాయరే చేశారు, 400 మీటర్ల వెడల్పు, 100 మీటర్ల లోతు, పక్క నది నుంచి కాలువ తీసి నింపారు. ఆ పేలుడు తాలూకు రేడియోధార్మికత జపాన్ మీద గాలిలో కూడా దొరికి పెద్ద గొడవైంది. గుంత అంచు దగ్గర రేడియేషన్ ఇంకా ఎక్కువే.

ఈ పిచ్చి మొదలుపెట్టింది అమెరికానే, 1957లో ప్రాజెక్ట్ ప్లౌషేర్ పేరుతో. 1962లో నెవాడాలో 104 కిలోటన్నులు పేల్చి 1.2 కోట్ల టన్నుల మట్టి ఎత్తిపోశారు. అలాస్కాలో హైడ్రోజన్ బాంబు శాస్త్రవేత్త ఎడ్వర్డ్ టెల్లర్ బాంబులతో ఓడరేవు తవ్వుతానన్నాడు, అక్కడి ఆదివాసులైన ఇనుపియాట్ జనం ఎదురు తిరిగారు, అదీ 1962లోనే మూలన పడింది.

డోన్_కంకర:
అన్నా, నేను క్వారీలో బ్లాస్టింగ్ దగ్గర పనిచేస్తా. మా దగ్గర తూటా పేలినాక పొగ పోయేదాకా ఆగి, పేలకుండా మిగిలింది ఏమన్నా ఉందా అని చూసి, ప్రొక్లెయిన్ దింపుతాం, ఆ పూటే లోడింగ్ మొదలు. అసలు పని రాయి పగలగొట్టడం కాదు, పగిలింది ఎత్తిపోయడం. అణుబాంబు పెడితే ఆ మట్టి దగ్గరికి ఎవరు పోతారు? ఆ కాలువలో నీళ్లు వదిలితే ఎవరు తాగుతారు? మన దగ్గర యురేనియం గని వ్యర్థాల చెరువు పక్కన బోరు నీళ్లకే జనం భయపడుతున్నారు. ఇంకోటి, అవుకు టన్నెల్ ఆలస్యమైంది బండ గట్టిగా ఉండి కాదు, కొంత దూరం వదులు మట్టి వచ్చి పైనుంచి కూలుతూ ఉండటం వల్ల. అక్కడ బాంబు పెడితే ఉన్నది కూడా కూలుతుంది, పైన సార్ చెప్పిన రష్యా కథే.

కర్నూలు_పాతబస్తీ:
అన్నీ ఫెయిలే అనకండి. అప్పట్లో సోవియట్‌లోనే ఉన్న ఉజ్బెకిస్తాన్‌లో ఉర్తాబులాక్ అనే చోట గ్యాస్ బావి అంటుకుని మూడేళ్లు దగ్గర దగ్గర ఆరలేదు. 1966 సెప్టెంబర్ 30న, పక్క నుంచి ఏటవాలుగా ఇంకో బావి తవ్వి, సుమారు కిలోమీటరున్నర లోతులో 30 కిలోటన్నులది పేల్చారు. చుట్టూ ఉన్న రాయి నొక్కుకుపోయి బావి మూసుకుంది, 23 సెకన్లలో మంట ఆరింది. లోతులో, వేరే దారి లేని పనికి అది పనికొచ్చిందనే నా అభిప్రాయం. అమెరికా కూడా 1967లో న్యూమెక్సికోలో భూమి లోపల పేల్చి గ్యాస్ తీసింది, గ్యాస్ వచ్చింది కూడా, కానీ అందులో ట్రిటియం (రేడియోధార్మిక హైడ్రోజన్) కలిసి ఉంది, ఆ గ్యాస్ ఏ ఇంట్లో పొయ్యికీ చేరలేదు.

అనంత_కుర్రోడు:
థాంక్స్ అందరికీ. మరి మన పోఖ్రాన్? దాన్ని కూడా శాంతి కోసమే అన్నారు కదా?

కడప_ఫిజిక్స్_సార్:
అన్నారు. 1974 మే 18న 107 మీటర్ల లోతులో పేల్చి, శాంతియుత అణు పేలుడు అని ప్రకటించారు. అప్పటికే రష్యా, అమెరికా ఇద్దరూ అదే పేరుతో పేల్చి ఉన్నారు కాబట్టి ఆ మాట మరీ వింతగా ఏం లేదు. కానీ ఆ బాంబులో వాడిన ప్లుటోనియం వచ్చింది కెనడా ఇచ్చిన సైరస్ రియాక్టర్ నుంచి, దాంతో కెనడా అణు సహకారం ఆపేసింది. ఆ టీమ్‌ను నడిపిన రాజా రామన్నే 1997లో అది బాంబేనని ఒప్పుకున్నారు. 1998లో మళ్లీ అక్కడే పేల్చినప్పుడు శాంతి అనే పేరు పెట్టలేదు, సూటిగా ఆయుధమనే చెప్పారు.