అమరావతి శిల్పాలన్నీ లండన్‌లోనే ఉన్నాయా? పిల్లలకి ఏం చెప్పాలి?

సోషల్ టీచర్:
అందరికీ నమస్కారం. హైస్కూల్లో సోషల్ చెబుతాను. వచ్చే నెల తొమ్మిదో తరగతి పిల్లల్ని అమరావతి బౌద్ధ స్తూపం చూపించడానికి తీసుకెళ్తున్నాం. ముందుగా నేను వెళ్ళి చూసొచ్చాను. గుండ్రటి దిబ్బ, ఇటుక కట్టు, చుట్టూ నిలబెట్టిన కొన్ని పలకలు. "ఇంతేనా టీచర్?" అంటారు మావాళ్ళు, ఖాయం. అసలు శిల్పాలన్నీ లండన్‌లోనే ఉన్నాయా? "తెల్లవాళ్ళు దోచుకుపోయారు" అని ఒక్క ముక్కలో చెప్పేస్తే సరిపోతుందా? చెన్నైలోనూ కొన్ని ఉన్నాయంటారు గానీ, అక్కడిదాకా తీసుకెళ్ళే స్తోమత మాకు లేదు.

దిబ్బ దగ్గరి పెద్దాయన:
టీచరమ్మా, ఆ ఒక్క ముక్క చెబితే పిల్లలు చప్పట్లు కొడతారు గానీ సగం కథ ఎగిరిపోతుంది. మొదటి దెబ్బ మనవాళ్ళదే. జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడుగారు చింతపల్లి నుంచి వచ్చి 1790ల్లో అమరావతిలో ఊరు కట్టిస్తుంటే, దీపాలదిన్నె అనే ఆ దిబ్బలో ఇటుకలూ రాళ్ళూ దొరికాయి. కట్టుబడికి వాడేశారు. అదేమిటో తెలిసినవాళ్ళు అప్పటికి ఊళ్ళో లేరు, నేనైతే తప్పు పట్టను. కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ 1797లో ఒకసారి చూసి వెళ్ళాడు. 1816లో బొమ్మలు గీసేవాళ్ళని వెంటబెట్టుకుని మళ్ళీ వచ్చేసరికి దిబ్బ నడిమధ్యన చెరువు తవ్వుతున్నారు. ఆయన గీయించిన బొమ్మలు బ్రిటిష్ లైబ్రరీలో ఉన్నాయి. కొన్ని రాళ్ళకి ఇప్పుడు ఆ బొమ్మే మిగిలింది, రాయి లేదు.

ఆ తరవాత రాళ్ళు పట్టిన దారులు చూడండి. కొన్ని కలకత్తాకి. కొన్నిటిని రాబర్ట్‌సన్ అనే దొర మచిలీపట్నం తీసుకెళ్ళి కొత్త బజారుకి అలంకారంగా పెట్టించాడు. 1845లో వాల్టర్ ఇలియట్ అనే కంపెనీ అధికారి తవ్వించినవి మద్రాసు చేరి, ఏళ్ళ తరబడి ఎండకీ వానకీ ఆరుబయట పడి ఉన్నాయి. 1859లో నూటికి పైగా పలకలు ఓడెక్కాయి. పోనీ లండన్‌లోనైనా ఎవరన్నా హారతి పట్టారా అంటే అదీ లేదు. ఫైఫ్ హౌస్ అనే భవనం తాలూకు బండ్ల కొట్టంలో పడేశారు. 1867 పారిస్ ప్రదర్శన పని మీద కట్టడాల చరిత్రకారుడు ఫెర్గూసన్ వెళ్ళి చూసేదాకా వాటిని పట్టించుకున్న నాథుడు లేడు. బ్రిటిష్ మ్యూజియంకి అవి చేరింది 1880లో.

సరిగ్గా అదే రోజుల్లో ఇక్కడ మద్రాసు గవర్నరు బకింగ్‌హామ్ ప్రభువు దిబ్బ మొత్తం తవ్వేయమని ఉత్తర్వు ఇచ్చాడు. 1881లో పురావస్తు అధికారి బర్జెస్ వచ్చేసరికి ఉన్నది ఒక గుండ్రటి గొయ్యి. నన్నడిగితే అన్నిటికంటే పెద్ద నష్టం ఇదే. రాయి లండన్‌లో ఉన్నా టికెట్ కొనుక్కుని వెళ్ళి చూడొచ్చు. ఏ రాయి ఏ వరసలో ఉండేదో, దాని పక్కన ఏముండేదో ఇప్పుడు ఎవరు చెబుతారు?

ఇక "ఇంతేనా టీచర్" సంగతి. స్తూపం వేదిక చుట్టూ తాపడం చేసిన పలకల్లో కొన్నిటి మీద చెక్కింది స్తూపం బొమ్మే. గుమ్మం దగ్గర సింహాలు, వాటి వెనక వరసగా ఐదు ఆయక స్తంభాలు (స్తూపానికి నాలుగు దిక్కులా నిలబెట్టేవి), అండం, అంటే గుండ్రటి గుమ్మటం మీద పూలదండలు, పైన ఎగురుతున్న దేవతలు. కట్టడం మీదే కట్టడం బొమ్మ! అలాంటి పలక ఫొటో ఒకటి పెద్దగా ప్రింటు తీయించి, దిబ్బ దగ్గర పిల్లల చేతికివ్వండి. గుమ్మం ఎటుండేది, స్తంభాలు ఎక్కడ నిలబడేవి అని వాళ్ళే వెతుక్కుంటారు. ఊళ్ళోనే కాలచక్ర మ్యూజియంలో స్తూపం నమూనా కూడా ఉంది, ముందు అది చూపించి దిబ్బకి రండి.

లండన్‌లో ఉన్న పలక ఒకటి నాకు భలే ఇష్టం. రెండువైపులా చెక్కారు. ఒకవైపు క్రీ.పూ. 1వ శతాబ్దం నాటిది: బోధివృక్షం, కింద ఖాళీ ఆసనం, చుట్టూ మొక్కుతున్న జనం. బుద్ధుడి రూపం లేదు. క్రీ.శ. 3వ శతాబ్దంలో ఆ రాయినే తిరగేసి వెనకవైపు స్తూపం చెక్కారు. పాత రాయి వాడుకోవడం నాయుడుగారితో మొదలైంది కాదన్నమాట.

ఎగ్మోర్ వాసి:
లండన్ గోల సరే, చెన్నై సంగతి ఎవరూ ఎత్తరేం? పెద్ద వాటా ఎగ్మోర్ మ్యూజియంలో ఉంది. బుద్ధుడి మీదికి ఉసిగొల్పిన మదపుటేనుగు నాలాగిరి ఫలకం అక్కడిదే. ఒకే వృత్తంలో ఏనుగు రెండుసార్లు కనిపిస్తుంది. ఒకచోట వీధిలో మనుషుల్ని తొక్కుతూ వీరంగం, పక్కనే బుద్ధుడి పాదాల ముందు మోకాళ్ళ మీద. మేడ కిటికీల్లోంచి జనం తొంగి చూస్తుంటారు. ఎన్నిసార్లు చూసినా నా కళ్ళు ముందు ఆ కిటికీల మీదికే పోతాయి. బాధ ఏంటంటే, పాతరోజుల్లో ఈ రాళ్ళని సిమెంటుతో గోడలకి పొదిగేశారు. సున్నపురాయి అది, తేమకీ ఉప్పుకీ తట్టుకోదు. ఊడదీస్తే విరుగుతుందని భయం, వదిలేస్తే పొట్టు రేగుతుందని భయం.

సోషల్ టీచర్:
మాస్టారూ, చాలా థ్యాంక్స్. ఒక్క అనుమానం. "మరి మనవి మనం ఎందుకు తెచ్చుకోలేం?" అని ఎవరో ఒకరు అడుగుతారు. ఏం చెప్పను?

లా చదివినవాడు:
చందవరం కథ చెప్పండి మేడమ్. ప్రకాశం జిల్లా చందవరం స్తూపం దగ్గర్నుంచి బుద్ధుణ్ణి కొలుస్తున్న భక్తుల పలక ఒకటి దొంగలపాలై, చివరికి ఆస్ట్రేలియా నేషనల్ గ్యాలరీకి చేరింది. 2005లో డబ్బులిచ్చి కొన్నారు వాళ్ళు. అది చందవరంలో ఉన్నప్పటి పాత ఫొటో బయటపడేసరికి వాదన ముగిసింది. 2016లో తిరిగి ఇచ్చేశారు. మనకి 1972 పురావస్తువుల చట్టం ఉంది, యునెస్కో 1970 ఒప్పందం ఉంది. ఇవి వచ్చాక పోయిన వస్తువుకి దారి దొరుకుతుంది. 1859లో ఓడెక్కినదానికి ఇవి వర్తించవు. పైగా సేకరణలోని వస్తువులు ఇచ్చేయకుండా బ్రిటిష్ మ్యూజియంకి వాళ్ళ 1963 చట్టమే చేతులు కట్టేసింది. చట్టం మార్చాల్సింది వాళ్ళ పార్లమెంటు.

చందవరం పలకని తిరిగి తెచ్చింది పాత ఫొటోయే కదా, అందుకే పిల్లలకి ఒక పని అప్పజెప్పండి. వాళ్ళ ఊరి గుళ్ళో, చెరువుగట్టున ఉన్న పాత విగ్రహాలకి, వీరగల్లులకి (వీరుల స్మారక శిలలకి) ఫోన్‌తో ఫొటోలు తీసి, ఎక్కడుందో, ఎంత ఎత్తుందో రాసి పెట్టమనండి.

దిబ్బ దగ్గరి పెద్దాయన:
బాగా చెప్పావు బాబూ. నాలుగు వైపుల నుంచీ తీయమనండి టీచరమ్మా, వెనకవైపు మాత్రం మరిచిపోవద్దు. ఇంకోటి, శుక్రవారం పెట్టుకోకండి. స్తూపం దగ్గరున్న పురావస్తు శాఖ మ్యూజియంకి ఆ రోజు సెలవు.